గవ్వ కనబడిన ఆదివారం

ఉద్యోగంలో కొత్తగా చేరిన పిల్లలు ఎప్పుడైనా మా ఇంటికొస్తే ఒక ప్రశ్న తప్పకుండా అడుగుతారు. "సార్, మీ సర్వీసు మొత్తంలో మర్చిపోలేని రోజు ఏదండి?" ఏదో బావిలో చమురు పడిన రోజు గురించో, ప్రమోషన్ వచ్చిన రోజు గురించో చెబుతానని వాళ్ళ ఆశ. నాకు మాత్రం భయంతో చచ్చి బతికిన ఒక ఆదివారమే గుర్తొస్తుంది. నేను పుట్టు పిరికివాణ్ణి. ఈ సంగతి ముందే ఒప్పేసుకుంటే మీకూ నాకూ సులువు. చమురు బావులు తవ్వే సంస్థలో ముప్పై ఏళ్ళకు పైగా పనిచేసి, ఎత్తంటే భయం కనక ఒక్కసారి కూడా రిగ్గు మెట్లు పైదాకా ఎక్కకుండా రిటైరైన ఘనుణ్ణి.

నా పని బల్ల దగ్గర. బావి తవ్వుతుంటే లోపలి రాయి నలిగి బురదతో పాటు పైకొస్తుంది. ఆ ముక్కల్ని కొన్ని మీటర్లకోసారి గుడ్డసంచిలో పట్టి మాకిస్తారు. వాటిని నానబెట్టి, సన్నటి జల్లెడలో కడిగి, ఆరబెట్టి మైక్రోస్కోపు కింద చూస్తే, రవ్వలో సగం కూడా ఉండని గవ్వలు కనిపిస్తాయి. ఎప్పుడో సముద్రంలో బతికిన జీవాల గుల్లలవి. పుస్తకాల్లో వాటికి నోరు తిరగని పేర్లున్నాయి, మేం గవ్వలనే అనేవాళ్ళం. ఏ పొరలో ఏ గవ్వ ఉంటుందో ఒక వరస ఉంది. ఆ వరస తెలిసినవాడు బావి ఇప్పుడు ఏ కాలపు మట్టిలో ఉందో, కింద ఏం రాబోతోందో చెప్పగలడు. తడి కుంచెతో ఒక్కో గవ్వనీ ఏరి స్లైడు మీద అతికించడమే నేను ముప్పై ఏళ్ళు చేసింది. మా ఆవిడ దాన్ని బియ్యంలో రాళ్ళేరడం అనేది. నిజానికి పెద్ద తేడా లేదు.

మా రాజమండ్రి లేబొరేటరీకి పెద్దాయన ఒకరుండేవారు. తణుకు వైపు మనిషి, ఏటా అన్నవరం వెళ్ళి వ్రతం చేయించుకోనిదే ఆయనకి సంవత్సరం గడవదు. కొత్త బావి నమూనా మొదటిసారి చూసేముందు మైక్రోస్కోపుకి చిన్న కుంకుమ బొట్టు పెట్టేవారు. నేను క్రైస్తవుణ్ణని, అందులోనూ చర్చిలో వాక్యం చెప్పే ఉపదేశి కొడుకునని తెలిసి, నన్ను ఆటపట్టించకుండా ఉండేవారు కాదు.

"మాకేం గొడవ లేదయ్యా. చేప, తాబేలు, వరాహం, ఆ తరవాత సగం మృగం సగం మనిషి. మావాళ్ళు వరసగానే చెప్పి చచ్చారు. ఆరు రోజుల్లో పని ముగించుకుని ఏడో రోజు పడుకున్న దేవుడితో నీకే వచ్చింది తంటా" అనేవారు.

నేను నవ్వి ఊరుకునేవాణ్ణి. లోపల మాత్రం నవ్వు ఉండేది కాదు. చిన్నప్పుడు మా నాన్న ఒళ్ళో కూర్చుని నేర్చుకున్న సృష్టి కథ ఒకటి. ప్రతి రోజూ లెన్సు కింద కనబడే కోట్ల ఏళ్ళ వరస ఇంకొకటి. ఒక్కోసారి ఓ పొరలోని గవ్వ, దాని పై పొరలోని గవ్వ, ఆపై పొరలోది పక్కపక్కన పెడితే, ఒకటే గవ్వ మెల్లమెల్లగా మెలి తిరుగుతూ మారిందని గుడ్డివాడికైనా తెలుస్తుంది. అలాంటి రోజుల్లో భోజనానికి ముందు ప్రార్థన చేసుకోవాలంటే నాకు భయమేసేది. ఎవరికి చెప్పుకుంటున్నానో ఆయన నన్ను చూసి ఏమనుకుంటున్నాడోనని.

తొంభైల నడుమ మా సొంతూరి పక్కన కొబ్బరి తోటల్లో ఒక బావి తవ్వకం మొదలైంది. సైట్ డ్యూటీకి నన్ను పంపమని నేనే అడిగాను. అమ్మానాన్నలతో నాలుగు పూటలు భోంచెయ్యొచ్చని ఆశ. పంపేముందు పెద్దాయన నన్ను కూర్చోబెట్టి ఒక స్లైడు చేతికిచ్చారు. దాని మీద రెండు గవ్వలున్నాయి. చూడ్డానికి కవల పిల్లల్లా ఉంటాయి. తేడా అల్లా అంచులో. ఒకదానికి అంచు నున్నగా ఉంటుంది, రెండోదానికి అంచు చుట్టూ పూసలు గుచ్చినట్టుంటుంది.

"నున్న అంచుది కనిపిస్తే నీ పని నువ్వు చేసుకో. పూసల అంచుది కనిపిస్తే మాత్రం తవ్వకం ఆపించు. దాని కింద గ్యాసు పొర ఉంది, ఒత్తిడి చాలా ఎక్కువ. ఇనప పైపు దింపి సిమెంటు పోశాకే అక్కణ్ణించి కిందికెళ్ళాలి. పైనున్న గవ్వ ఊడిపడి కింద నమూనాలో కలవొచ్చు గానీ, కిందున్న గవ్వ పైకెక్కి రాదు. ఒక్కటి కనబడినా చాలు. అర్థమైందా?" అన్నారు.

అర్థమైంది. అంతకు కొన్నాళ్ళ ముందే డెల్టాలో ఒక బావి అంటుకుని రోజుల తరబడి మండింది. ఆ చప్పుడు విన్న ఊళ్ళ జనం చాలాకాలం పాటు లారీ శబ్దానికి కూడా ఉలిక్కిపడేవాళ్ళు. ఆ స్లైడు నేను ప్రాణంలా చూసుకోవలసింది.

ఇప్పుడు మా నాన్న గురించి చెప్పాలి. ఆయన మా ఊరి సంఘానికి ఉపదేశి. పాస్టరు అయ్యగారు చుట్టుపక్కల సంఘాలన్నీ చూసుకోవాలి కనక నెలకోసారే వచ్చేవారు. మిగతా ఆదివారాలన్నీ నాన్నే ఆరాధన నడిపేవారు. ఉండే రెండు గదుల ఇల్లు సంఘానిది. ఇంకొకటి లేదు. సంఘ పెద్ద ఒక రిటైర్డు హెడ్మాస్టరు. మూడో తరగతిలో నాకు ఎక్కాలు నేర్పింది ఆయనే. ఊళ్ళో అందరికీ ఆయన మాస్టారు. ఆయన మాట దాటి ఆ చర్చిలో కుర్చీ కూడా కదిలేది కాదు.

నేను సైటుకొచ్చిన మొదటి ఆదివారం సాయంత్రం చర్చిలో యవ్వనస్థుల కూడిక ఉంది. "అబ్బాయి భూమి లోపల ఏముందో చూసే ఉద్యోగం చేస్తున్నాడు. సృష్టి గురించి, సైన్సు గురించి రెండు మాటలు చెబుతాడు" అని మాస్టారే ప్రకటించారు. నాకు ఛాతీ రెండంగుళాలు పెరిగింది. కొరివితో తల గోక్కోవడం అంటే ఏమిటో అప్పటికి నాకు తెలీదు. సైటులోని చిన్న మైక్రోస్కోపూ, పెద్దాయన ఇచ్చిన స్లైడూ సంచిలో పెట్టుకుని సైకిలెక్కాను. ఆఫీసు స్లైడుని సైటు దాటించకూడదు. తెలిసే తీసుకెళ్ళాను.

పిల్లలు ఒక్కొక్కరే వచ్చి లెన్సులో చూశారు. చూసినవాళ్ళు "అబ్బ" అన్నారు. నేను రెచ్చిపోయాను. మొదటి రోజున వెలుగు పుట్టింది, సూర్యుడు నాలుగో రోజున గానీ రాలేదు కదా, మరి మొదటి మూడు రోజులకీ పొద్దు పొడిచిందెక్కడ, గుంకిందెక్కడ అని అడిగాను. కాబట్టి ఆ రోజు మన రోజు కాదు, దేవుడి రోజు, దాని పొడవు మన గడియారాలకి అందదు అన్నాను. జీవాల్ని పుట్టించమని దేవుడు నేలకీ నీళ్ళకీ ఆజ్ఞ ఇచ్చాడు తప్ప తన చేత్తో ఒక్కోదాన్నీ చేశానని చెప్పలేదు చూడండి, నేల ఆ పని నిదానంగా చేసుకుంటూ పోయింది, అది చేసిన పని ఈ గవ్వల్లో ఉంది అన్నాను. ముందు నీళ్ళల్లో జీవాలు, తరవాత నేలమీద జంతువులు, అందరికంటే ఆఖర్న మనిషి, వరస కూడా కలిసింది కదా అన్నాను. కలవని చోట్ల, అంటే సూర్యుడి కంటే ముందు పండ్లచెట్లు వచ్చిన చోట, గొంతు తగ్గించి తొందరగా దాటేశాను. ఉపన్యాసం ఇచ్చేవాడికి ఆమాత్రం మోసం అలవాటైపోతుంది.

అప్పుడు ఇంటర్ చదువుతున్న ఓ అమ్మాయి లేచింది. "అన్నయ్యా, జీవాలన్నీ ఒకదాన్నించి ఒకటి వచ్చాయంటున్నారు కదా. మరి ఆదాముకి అమ్మ ఉందా?"

ఎవరో కిసుక్కుమన్నారు. ఆ పిల్ల మాత్రం నవ్వడం లేదు. నిజంగా తెలుసుకోవాలని అడిగింది. అలా అడిగినవాళ్ళకి అబద్ధం చెప్పడం కష్టం.

"ఉండే ఉంటుందమ్మా" అన్నాను.

వెనక బల్ల మీద కూర్చున్న మాస్టారు లేచి నించున్నారు. ముఖంలో రక్తం లేదు. "ఇక చాలు, ప్రార్థన చేసుకుని వెళ్ళండి" అన్నారు. పిల్లలు లేచారు. ఆయన బల్ల దగ్గరికొచ్చి స్లైడు తీసి చొక్కా జేబులో వేసుకున్నారు. "ఇది నా దగ్గరుంటుంది. సంఘం కమిటీకి చూపించాలి" అన్నారు. అది ఆఫీసుదండీ, నా ఉద్యోగం పోతుందండీ అనడానికి నాకు నోరు రాలేదు. మూడో తరగతిలో కూడా ఆయన ముందు నాకు నోరు రాలేదు.

మర్నాడు సాయంత్రం ఆయన మా ఇంటికొచ్చారు. నాన్న కుర్చీ వేశారు, ఆయన కూర్చోలేదు.

"ఆదాముకి తల్లి ఉంటే ఆదాము మొదటివాడు కాదు. మొదటి మనిషే లేకపోతే మొదటి పాపం లేదు. పాపం లేకపోతే సిలువ ఎందుకురా? పిల్లలకి ఏం చెప్పావో నీకు తెలుస్తోందా?"

"మాస్టారూ, నేను దేవుడు లేడనలేదండి."

"అననక్కర్లేదు." ఆయన గొంతు ఒక్కసారి తగ్గింది. "మొదటి పేజీ మనకి తోచినట్టు మార్చుకోవచ్చంటే, ఆఖరి పేజీ ఉన్నదున్నట్టు జరుగుతుందని నాకెవడ్రా హామీ ఇచ్చేది? మా పెద్దాడు ఆ సమాధుల దొడ్లో ఉన్నాడు. లేస్తాడని ఆఖరి పేజీ చెబుతోంది. దాని మీదే నేను బతుకుతున్నాను."

కోపంతో వచ్చిన మనిషికి ఎదురు చెప్పొచ్చు, ఇలా వచ్చిన మనిషికి ఏం చెబుతాం? తరవాత ఆయన అసలు మాట చెప్పారు. వచ్చే ఆదివారం కోత పండగ, పండిన దాంట్లో కొంత చర్చికి తెచ్చి అర్పించే రోజు. సంఘమంతా ఉంటుంది. నేను చెప్పింది తప్పని రాసివ్వాలి. దాన్ని ఉపదేశి, అంటే మా నాన్నే, అందరి ముందూ చదవాలి. లేకపోతే కమిటీ ఇంకో ఉపదేశిని చూసుకుంటుంది.

మాస్టారు వెళ్ళాక మా అమ్మ పొయ్యి దగ్గరే కూర్చుండిపోయింది. నాన్న "నీ ఇష్టంరా" అన్నారు అంతే. నా ఇష్టమెక్కడుంది అందులో? రాజమండ్రిలో నాకున్నది ఒక్క గది. ఈ వయసులో వాళ్ళిద్దర్నీ ఎక్కడికి తీసుకెళ్ళను? నిప్పుల మీద నించున్నట్టు గడిచాయి ఆ నాలుగు రోజులు. స్లైడు లేదు, పెద్దాయనకి చెప్పే ధైర్యం లేదు, బావేమో రోజురోజుకీ లోతుకి దిగుతోంది. లెన్సులో చూస్తుంటే ఆ గవ్వల మీదే అసహ్యం పుట్టేది. వీటి మాట విని చెడ్డాను అనిపించేది. మరుక్షణం, మాస్టారి మాట విని వీటిని అబద్ధమంటే అది మాత్రం పాపం కాదా అని ఇంకో భయం.

శుక్రవారం రాసిచ్చేశాను. గవ్వల వరస మా ఊహ మాత్రమేననీ, దాన్ని ఎవరూ నమ్మనక్కర్లేదనీ, తెలియక మాట్లాడినందుకు సంఘం క్షమించాలనీ రాసి సంతకం పెట్టాను. నాన్న ఆ కాగితం మడిచి బైబిల్లో పెట్టుకున్నారు. నా ముందు విప్పి చూడలేదు.

ఆదివారం పొద్దున్న ఏడింటికి వచ్చిన నమూనాని ఎప్పటిలాగే కడిగి, ఆరబెట్టి లెన్సు కింద పోశాను. కుంచెతో జరుపుతూ పోతుంటే ఒక మూలన అది కనబడింది. గుండ్రంగా, చదునుగా. అంచు సగం విరిగిపోయింది. మిగిలిన సగంలో మూడు చుక్కలున్నాయి. అవి పూసలా, అంటుకున్న ఇసక రేణువులా?

కుంచెతో తుడిచి చూశాను, ఊడలేదు. తిప్పి చూశాను. ఒకసారి పూసల్లా ఉన్నాయి, ఒకసారి కాదనిపించింది. ఇలాంటి సమయానికే కదా స్లైడు ఇచ్చింది. పక్కన పెట్టి చూస్తే ఒక్క నిమిషంలో తేలిపోయేది. ఆ స్లైడు అర కిలోమీటరు దూరంలో మాస్టారి జేబులో ఉంది, వెళ్ళి అడిగే ధైర్యం నాకు లేదు.

తరవాతి నమూనాలో ఇంకో రెండు దొరికాయి. ఒకటి పూర్తిగా విరిగిపోయింది. రెండోదానికి అయిదు చుక్కలున్నాయి. అప్పుడిక లేచాను.

డ్రిల్లింగ్ ఇన్‌చార్జి కాకినాడ మనిషి. ఊరికే కేకలేసే రకం కాదు, అలాగని తవ్వకం ఆపమంటే సంతోషించే రకమూ కాదు. నేను చెప్పింది విని, "మీకు ఖాయమేనాండి?" అన్నారు.

"ఖాయమేననుకుంటున్నానండి."

"అనుకోవడం కాదండి. మీ దగ్గర స్లైడుంది కదా, పక్కన పెట్టి చూడండి."

"అది రాజమండ్రిలో ఉండిపోయిందండి" అన్నాను. వారంలో రెండో అబద్ధం.

ఆయన నన్నొకసారి ఎగాదిగా చూసి, వైర్‌లెస్‌లో లేబొరేటరీని పిలిపించారు. పెద్దాయన కుటుంబంతో అన్నవరం వెళ్ళారని జవాబొచ్చింది. సత్యనారాయణస్వామి కూడా ఆ పూట నా పక్షాన లేడు.

"సరే, రాసివ్వండి. మీ సంతకం మీద ఆపుతాను" అన్నారు ఇన్‌చార్జి, కాగితం ముందుకు తోస్తూ.

నా అనుమానం తప్పయితే రిగ్గు ఊరికే నిలబడిపోతుంది, స్లైడు ఎందుకు లేదని విచారణ వస్తుంది, నా ఉద్యోగం పోతుంది. నిజమై ఉండి నేను రాయకపోతే ఏం పోతుందో ఆలోచించడానికే భయమేసింది. గాలికి చర్చిలోంచి పాట వినబడుతోంది. శుక్రవారం ఆ వరసని ఊహ అని రాసిన కలంతోనే, ఇప్పుడు అదే వరసని నమ్మి తవ్వకం ఆపమని రాశాను. సంతకం నాదని నేనే గుర్తుపట్టలేనట్టు వచ్చింది.

ఇన్‌చార్జి తవ్వకం ఆపించారు. "అడుగునున్న బురద పైకి రావడానికి గంటన్నర పడుతుంది. మీ గవ్వ సంగతి అప్పుడు తేలుతుంది" అన్నారు. ఆ తరవాత గాలి వాటం తెలియడానికి రిగ్గు మీద కట్టిన గుడ్డ వైపు చూసి, "గాలి అటే కొడుతోంది. ఏంటండీ ఆ పొగ?" అన్నారు.

కోత పండగ. చర్చి వెనక సంఘమంతటికీ ప్రేమవిందు వంట. కట్టెల పొయ్యిలు వరసగా అయిదారు ఉంటాయి.

"ఇప్పుడే సైరన్ మోగిస్తే ఊరంతా పరిగెడుతుంది, తొక్కుకుని చస్తారు. గ్యాసు కనబడకుండా నేను మోగించలేను. మీ ఊరే కదా, మీరెళ్ళి ఆ పొయ్యిలు ఆర్పించండి. మెల్లగా చెప్పండి" అన్నారు.

సైకిల్ మీద ఆ అర కిలోమీటరూ ఎలా తొక్కానో నాకు తెలీదు. చర్చి ఆవరణంతా కోత పండగ సరంజామా. కొబ్బరి గెలలు, గుమ్మడికాయలు, కాళ్ళు కట్టేసిన కోళ్ళు. లోపలికి అడుగుపెట్టేసరికి పాట అప్పుడే ఆగింది. నాన్న బల్ల వెనక నించుని ఉన్నారు. బైబిలు తెరిచి, అందులోంచి మడిచిన కాగితం తీస్తున్నారు.

"నాన్నా, ఆగండి" అన్నాను. మెల్లగా చెబుదామనే అనుకున్నాను. గావుకేక వచ్చింది. "పొయ్యిలు ఆర్పెయ్యాలి. అందరూ అవతల కాలవ గట్టుకి వెళ్ళిపోవాలి. బావిలో గ్యాసు వచ్చేలా ఉంది."

జనం లేచారు. మాస్టారు చెయ్యెత్తగానే అందరూ మళ్ళీ కూర్చున్నారు. ఆయన నడవలోకి వచ్చి నా ఎదురుగా నించున్నారు.

"గ్యాసు వచ్చిందా?"

"ఇంకా రాలేదండి."

"సైరన్ మోగిందా?"

"లేదండి."

"మరి వస్తుందని నీకెలా తెలుసు?"

"గవ్వ కనబడిందండి" అన్నాను.

మాస్టారు వెనక్కి వెళ్ళి నాన్న చేతిలోంచి కాగితం తీసుకొచ్చి నా ముఖం ముందు పెట్టారు. "ఆ వరస ఊహ అని, నమ్మనక్కర్లేదని నువ్వే రాశావు. ఇప్పుడు అదే నమ్మి పండగ నాడు విందు ఆపుకుని పిల్లల్ని తీసుకుని పరిగెత్తమంటున్నావు. ఇందులో ఏది నమ్మమంటావురా?"

మా నాన్న వైపు చూడలేకపోయాను. మూడు వందల మంది నన్ను చూస్తున్నారు. మా అమ్మ ముందు వరసలో ఉంది.

"కాగితం అబద్ధమండి. భయపడి రాశాను. నాన్న ఇల్లు పోతుందని రాశాను. గవ్వలు చెప్పింది నిజం. మీ పొయ్యిలు ఆర్పండి మాస్టారూ, మీ కాళ్ళు పట్టుకుంటాను."

ఆయన కదల్లేదు. ఎవరూ కదల్లేదు. ఆయన కదిలితే గానీ కదలరు. అప్పుడు వెనక తలుపు దగ్గర, వంటల పెత్తనం చూసే ఓ పెద్దామె గరిటె చేత్తో పట్టుకుని నించుని ఉంది. అంతా వింది కాబోలు.

"గవ్వో గాడిదగుడ్డో నాకు తెల్దండి. నా మనవలు అయిదుగురు ఉన్నారండి ఇక్కడ" అని వెనక్కి తిరిగి వెళ్ళిపోయింది. క్షణంలో పొయ్యి మీద నీళ్ళు పడ్డ చప్పుడు వినిపించింది. ఆ వెంటనే ఇంకోటి. ఆమె పప్పు గుండిగ వంచి పప్పంతా పొయ్యిలో కుమ్మరించిందని తరవాత తెలిసింది. నీళ్ళ కోసం వెతికేంత ఓపిక లేదట.

ఆ చప్పుడుతో జనం కదిలారు. పిల్లల్ని ఎత్తుకుని, ముసలివాళ్ళని పట్టుకుని కాలవ గట్టు వైపు నడిచారు. పరిగెత్తలేదు. మాస్టారు అందరికంటే ఆఖర్న బయటికొచ్చి తలుపు గడియ పెట్టారు.

గట్టు మీద ముప్పావు గంట నించున్నాం. అంత పొడుగు ముప్పావు గంట నా జీవితంలో ఇంకోటి లేదు. గ్యాసు వస్తే ఈ ఊరేమవుతుందోనని ఒక భయం, రాకపోతే నేనేమవుతానోనని ఒక భయం. రావాలని ప్రార్థన చెయ్యలేను, రాకూడదనీ చెయ్యలేను. ఊరికే దేవుడా, దేవుడా అనుకుంటూ నించున్నాను.

సైరన్ మోగింది. వెంటనే రిగ్గు వైపునుంచి పెద్ద రొద. ఆడవాళ్ళు ఏడవడం మొదలుపెట్టారు. బురద పొంగుకొచ్చిందని, సిబ్బంది వాల్వులు మూసి గ్యాసుని పక్క పైపులోంచి దూరంగా వదిలి కాల్చేశారని తరవాత విన్నాను. ఆ మంట మాకు చెట్లపైన కనబడింది. సాయంత్రానికి అంతా సద్దుమణిగింది. ఒక్కరికీ గోరు కూడా ఊడలేదు. ఇంకో ఇరవై మీటర్లు తవ్వి ఉంటే ఆ వాల్వులు ఆపేవి కావని ఇన్‌చార్జి అన్నారు. పొయ్యిల సంగతి అడిగితే మాత్రం, "ఏమోనండి, అంతదూరం వచ్చేది కాదేమో" అన్నారు. అందుచేత నేను ఊరిని కాపాడానని చెప్పుకునే అదృష్టం నాకు లేదు. ఒక గుండిగ పప్పు నేలపాలు చేయించానని చెప్పుకోవచ్చు.

రెండు రోజుల తరవాత మాస్టారు సైటు గేటు దగ్గరికొచ్చి నన్ను పిలిపించారు. జేబురుమాల్లో చుట్టిన స్లైడు నా చేతిలో పెట్టారు. "భూతద్దం పెట్టి చూశాను. ఎంత అందంగా చేశాడ్రా" అన్నారు. ఎవరు అని నేనడగలేదు. కమిటీ నాన్నని తియ్యలేదు. నన్ను మాత్రం ఆ చర్చిలో మళ్ళీ ఎప్పుడూ మాట్లాడమనలేదు, అదీ సబబే. పెద్దాయనకి స్లైడు సంగతంతా నేనే చెప్పేశాను. ఆయన రాతపూర్వకంగా మెమో ఇచ్చి, నోటిమాటగా అన్నవరం ప్రసాదం పెట్టారు.

ఇప్పుడు నన్నెవరైనా ఆ ఆరు రోజుల గురించి అడిగితే వరసలు కలపను. ఆ కథ రాసిన పెద్దమనిషి మా బావుల కోసం పట్టిక తయారు చెయ్యలేదు. మనం ఎవరి చేతిలో ఉన్నామో చెప్పాలనుకున్నాడు. గవ్వకి ఆ మాట చెప్పడం చేతకాదు, ఎక్కడున్నామో మాత్రం చెబుతుంది. రెండూ నాకు కావాలి. ఆదాముకి అమ్మ ఉందా అంటే ఇప్పటికీ ఉండే ఉంటుందనే అంటాను, ఇప్పటికీ అనేముందు చుట్టూ ఒకసారి చూసుకుంటాను.

మీకు అసలు చెప్పాలనుకున్నది ఇదీ కాదు. ఆ ఆదివారం నేను వెళ్ళకపోయినా నాన్న ఆ కాగితం చదివేవారు కాదని చాలా ఏళ్ళు నమ్మాను. అబద్ధమని తెలిసి దేవుడి బల్ల దగ్గర ఆయన నోరు పెగిలేది కాదని, చింపేసేవారని. నా పిరికితనానికి ఆ నమ్మకమే మందు. మా ఇంట్లో కనీసం ఒక్కరైనా ధైర్యస్థులు ఉన్నారని అనుకునేవాణ్ణి. చివరికి అమ్మ పోయాక ఆయన రాజమండ్రిలో నా దగ్గరే ఉండేవారు. చూపు తగ్గింది కనక ఆయన గెడ్డం గీసుకునేటప్పుడు నేను అద్దం పట్టుకునేవాణ్ణి. ఓ పొద్దున్న అడిగేశాను.

"నాన్నా, ఆ రోజు నేను రాకపోతే ఆ కాగితం చదివేవారా?"

"చదివేవాణ్ణే" అన్నారు, వెంటనే. "శనివారం సాయంత్రం మీ అమ్మకి వినబడకుండా రెండుసార్లు చదువుకున్నాను కూడా. మధ్యలో ఎక్కడా గొంతు ఆగకూడదని."

ఆయన కత్తి ఆపలేదు. నా చేతిలో అద్దమే నిలవలేదు.